నియామకాల కేసులు: ఫలితాలు వచ్చాక మేలుకుంటే ఆలస్యమే

సంపాదకుల వారికి,

పబ్లిక్ సర్వీస్ కమిషన్ చేసే గ్రూప్స్ నియామకాలపై హైకోర్టు ఉత్తర్వు వచ్చిన ప్రతిసారీ ‘అభ్యర్థులకు ఊరట’ అనో ‘కమిషన్‌కు చుక్కెదురు’ అనో శీర్షికలు కనిపిస్తాయి. ఆ రిట్ (హైకోర్టులో వేసే పిటిషన్) ఎప్పుడు వేశారు, ఏం కోరారు, ఎవరిని ప్రతివాదులుగా చేర్చారు అన్నది వార్తలో ఉండదు. చాలా కేసుల జాతకం తేలేది అక్కడే.

వయసు, అర్హత, రోస్టర్ (రిజర్వేషన్ల వరుస), మార్కుల విభజన... నోటిఫికేషన్‌లో ఏది నిబంధనలకు విరుద్ధంగా ఉన్నా పరీక్షకు ముందే రిట్ వేయాలి. పరీక్ష రాసి, జాబితాలో పేరు లేదని తెలిశాక పద్ధతే తప్పంటే కోర్టు వినదు. 1995 నాటి మదన్‌లాల్ తీర్పును ప్రభుత్వ న్యాయవాదులు ముందుగా తీసేది ఇందుకే. చట్టబద్ధమైన నియమాన్నే అధికారులు తప్పుగా అన్వయిస్తే, పరీక్ష రాసినా ప్రశ్నించవచ్చని 2019లో మీతా సహాయ్ కేసులో సుప్రీంకోర్టు కొంత వెసులుబాటు ఇచ్చింది. దాన్ని నమ్ముకుని ఆగితే మాత్రం చేజేతులా ముప్పు తెచ్చుకున్నట్టే.

మధ్యలో నియమం మారిస్తే లెక్క వేరు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో జిల్లా జడ్జిల ఎంపిక అంతా అయ్యాక ఇంటర్వ్యూకూ కనీస మార్కులు ఉండాలన్నారు. అది చెల్లదని 2008లో మంజుశ్రీ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. 2024 నవంబరులో ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం తేజ్‌ప్రకాశ్ పాఠక్ కేసులో ఆ తీర్పునే నిలబెట్టింది. నియమాలు గానీ నోటిఫికేషన్ గానీ ముందే అనుమతిస్తే తప్ప, ఎంపిక మొదలయ్యాక ప్రమాణాలు మార్చకూడదు.

తేలిగ్గా వీగిపోయేవి ఆన్సర్ కీ (కమిషన్ విడుదల చేసే జవాబుల జాబితా) పిటిషన్లు. కమిషన్ కీ సరైనదేనన్న భావనతోనే కోర్టు వినడం మొదలుపెడుతుంది. అనుమానం మిగిలితే దాని ప్రయోజనం పరీక్ష పెట్టిన సంస్థకే దక్కుతుందని 2017లో రణ్‌విజయ్ సింగ్ కేసులో స్పష్టంగా చెప్పారు. అంటే రెండు పుస్తకాలు రెండు జవాబులు చెబితే ఓడేది అభ్యర్థే. ప్రిలిమినరీ కీ వచ్చాక ఇచ్చిన గడువులోపే అభ్యంతరం పెట్టి, దాని రసీదు దాచుకోవాలి. మన ప్రశ్నపత్రం సిరీస్‌లోని ప్రశ్న సంఖ్య, కీకి ఆధారమైన మాస్టర్ పేపర్‌లో ఏదో సరిచూసుకోకపోతే మంచి అభ్యంతరం కూడా వేరే ప్రశ్నకు పోతుంది. ఆధారంగా తెలుగు అకాడమీ, ఎన్‌సీఈఆర్‌టీ పుస్తకాల పేజీ, ముద్రణ సంవత్సరంతో సహా ఇవ్వాలి. చట్టం గురించిన ప్రశ్నైతే ఆ సెక్షన్ పాఠమే పెట్టాలి. కోచింగ్ సెంటర్ గైడు అక్కరకు రాదు. తెలుగు అనువాదంలో తప్పుందని వాదించే ముందు, ఇంగ్లిష్ పాఠమే ప్రామాణికమన్న షరతు నోటిఫికేషన్‌లో ఉందేమో చూడాలి. మరో లెక్క కూడా అఫిడవిట్‌లో ఉండాలి: ఆ ప్రశ్నలు కలిస్తే మన మార్కులు ఎన్నవుతాయి, మన కేటగిరీ, మన జోన్ కటాఫ్ దాటుతాయా? దాటకపోతే ‘మీకు ఒరిగేదేమిటి?’ అన్న ప్రశ్నతోనే విచారణ ముగుస్తుంది.

ఎంపికైనవారిని చేర్చకుండా జాబితా రద్దు కోరడం ఇంకో పొరపాటు. అందరినీ కాకపోయినా కొందరినైనా ప్రాతినిధ్య హోదాలో (మిగతావారి తరఫున) ప్రతివాదులుగా చేర్చాలి; 1984 ప్రబోధ్ వర్మ కేసు నుంచీ ఇదే మాట. మొత్తం నియామకాలపై స్టే అడగడం కన్నా, మన కేటగిరీలో ఒక పోస్టు ఖాళీగా ఉంచాలనీ, నియామకాలన్నీ తుది తీర్పుకు లోబడి ఉండాలనీ కోరితే మధ్యంతర ఉత్తర్వు వచ్చే అవకాశం ఎక్కువ.

పరీక్ష మొత్తం రద్దు కావాలంటే లోపం వ్యవస్థలోనే ఉందని చూపాలి. 2023 జూన్ 11న జరిగిన తెలంగాణ గ్రూప్-1 ప్రిలిమ్స్ ఇందుకు ఉదాహరణ. బయోమెట్రిక్ తీసుకుంటామని నోటిఫికేషన్‌లో రాసిన కమిషనే తీసుకోలేదు. దానికితోడు హాజరైనవారి సంఖ్య రెండు ప్రకటనల్లో 258 తేడాగా వచ్చింది. సెప్టెంబరులో సింగిల్ జడ్జి రద్దు చేశారు, డివిజన్ బెంచ్ సమర్థించింది. అక్కడ కమిషన్ రాతే కమిషన్‌కు ఎదురు సాక్ష్యమైంది.

ఎక్కడ వేయాలన్నదానిలోనూ తడబాటు ఉంది. రెండు రాష్ట్రాల్లోనూ ఉద్యోగుల కేసులు వినే పరిపాలనా ట్రిబ్యునల్ ఇప్పుడు లేదు, రాష్ట్ర పోస్టులకు నేరుగా హైకోర్టే. రైల్వే, తపాలా వంటి కేంద్ర కొలువులైతే హైదరాబాద్‌లోని కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు (క్యాట్) వెళ్లాలి. అక్కడ ఏడాది గడువు. అధికారులకు వినతిపత్రాల మీద వినతిపత్రాలు ఇచ్చినంత మాత్రాన ఆ గడువు పెరగదు. హైకోర్టు రిట్‌కు గడువు రాసి లేకపోయినా, ఎంపికైనవారు ఉద్యోగాల్లో చేరి జీతాలు తీసుకుంటున్నాక వస్తే ఆలస్యమే అడ్డు తగులుతుంది.

కమిషన్లూ ఒక పని చేయవచ్చు. ఫైనల్ కీతో పాటు, ఏ అభ్యంతరాన్ని నిపుణుల కమిటీ ఎందుకు తోసిపుచ్చిందో ఒక్కో ప్రశ్నకు ఒక్కో వాక్యంలో వెబ్‌సైట్‌లో పెట్టాలి. ఆ కారణం ఇప్పుడు తెలిసేది కోర్టులో కౌంటర్ (జవాబు అఫిడవిట్) వేశాకే.

– సర్వీసు కేసులు వాదించే ఒక న్యాయవాది, హైదరాబాద్