నవ్వు ఎవరి పక్షాన ఉంది?

సంపాదకులకు నమస్కారం.

టీవీ హాస్య కార్యక్రమాల్లో మనుషుల రంగును, యాసను, పొరుగు భాషను ఎగతాళి చేయడమేమిటని అడిగితే, సమాజంలో ఉన్నదే చూపిస్తున్నామని, చూసినవారే సిగ్గుపడతారని నిర్మాతలు చెబుతుంటారు. ఈ సమాధానం నిగ్గు అర్ధ శతాబ్దం కిందటే తేలింది. అమెరికాలో 1971లో మొదలైన 'ఆల్ ఇన్ ది ఫ్యామిలీ' ధారావాహికలో ఆర్చీ బంకర్ అనే ఇంటిపెద్ద నల్లవారిని, యూదులను నోటికొచ్చినట్లు మాట్లాడతాడు. అతని మూఢత్వాన్ని చూసి జనం నవ్వాలన్నది నిర్మాత నార్మన్ లియర్ ఉద్దేశం. అయితే 1974లో విడ్మార్, రోకీచ్ అనే పరిశోధకులు ప్రచురించిన అధ్యయనంలో, ముందే అలాంటి దురభిప్రాయాలు బలంగా ఉన్న ప్రేక్షకులు ఆర్చీనే మెచ్చుకున్నారని, వాదనలో అతనిదే పైచేయి అనుకున్నారని తేలింది.

2007లో బ్రిటన్ రియాలిటీ షో 'సెలబ్రిటీ బిగ్ బ్రదర్'లో శిల్పాశెట్టిని తోటివారు అవమానించినప్పుడు అక్కడి నియంత్రణ సంస్థ ఆఫ్‌కామ్‌కు 44 వేలకు పైగా ఫిర్యాదులు వెళ్లాయి, ఇక్కడ మనమూ మండిపడ్డాం. అదే మనం, మొహానికి నల్లరంగు పూసుకుని వచ్చిన నటుణ్ణి చూసి పిల్లలతో సహా పకపకా నవ్వుతున్నాం.

చిత్తూరు మార్కెట్లో ఒక్క బేరం ముగిసేలోపు తెలుగు, తమిళం, ఉర్దూ మూడూ వినిపిస్తాయి; పలమనేరు దాటితే కన్నడమూ కలుస్తుంది. ఇలాంటి ఊళ్లో, మా వీధిలోని ఒక పిల్లవాడు తోటివారు టీవీలో విన్న 'అరవ' వెక్కిరింతలను రోజూ అప్పజెబుతుంటే తట్టుకోలేక, నలుగురిలో తల్లితో తమిళం మాట్లాడటమే మానేశాడు.

ఇటువంటి కార్యక్రమాలను నిషేధించమని నేను కోరడం లేదు. దురభిమానాన్ని తెరపై చూపవచ్చు. కానీ దెబ్బతిన్న మనిషికి ఆ తెర మీదే ఎదురు మాట్లాడే అవకాశం ఉండాలి. మన స్కిట్లలో అతనికి మాటే ఉండదు, ఈలలే ఉంటాయి. జాతి, భాష, ప్రాంతాల ఆధారంగా ఏ సమూహాన్నీ కించపరిచేలా చిత్రించరాదని 1994 నాటి కేబుల్ టెలివిజన్ నియమావళిలోని 6వ నియమం చెబుతోంది. 2021 సవరణ ప్రకారం ప్రేక్షకుడి ఫిర్యాదును ఛానల్ 15 రోజుల్లో పరిష్కరించాలి. ఫిర్యాదు ఎవరికి, ఎలా పంపాలో ఆ కార్యక్రమం నడుస్తున్నంతసేపూ తెర కింద తెలుగులో చూపాలని ఛానళ్లను, ఆ వివరాలను మీ టీవీ పేజీలో వారానికోసారి అచ్చువేయాలని మిమ్మల్ని కోరుతున్నాను.

ఇట్లు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు,
గ్రీమ్స్‌పేట, చిత్తూరు.