మా స్టూడియో ఫొటోలు తిరిగొచ్చాయి, పేరుపేరునా కృతజ్ఞతలు

మా స్టూడియో సిస్టమ్‌లో లాక్ అయిపోయిన పెళ్ళి ఫొటోలు, ఆల్బమ్ డిజైన్లు మళ్ళీ తెరుచుకున్నాయి. ఒక్క రూపాయి ఖర్చు కాలేదు. అందుకు కారణమైనవాళ్ళకు నలుగురి ముందూ దండం పెట్టి చెప్పుకోవాలని రాస్తున్నాను.

2019 మాఘమాసం పెళ్ళిళ్ళ రద్దీలో వచ్చిపడింది, ఫైళ్ళు లాక్ చేసి డబ్బడిగే ఈ రాన్సమ్‌వేర్ వైరస్. ప్రతి ఫైల్ పేరు చివర ‘ప్రోమోస్’ అని తోక, ప్రతి ఫోల్డర్‌లో ‘రీడ్‌మీ’ అని ఒక నోటు. 980 డాలర్లు కట్టాలట, 72 గంటల్లోపు అయితే 490. సగం రేటుకే అయినా మన డబ్బుల్లో 35 వేల దాకా పడుతుంది. కట్టేసి పని చూసుకోమన్నవాళ్ళే ఎక్కువ.

వద్దన్నది మా అక్క కొడుకు. ఆ నోటును ‘ఐడీ రాన్సమ్‌వేర్’ సైట్‌లో పెట్టి చూసి, ఇది స్టాప్ డీజేవీయూ అనే రకమని తేల్చాడు. “డబ్బు కట్టొద్దు మామయ్యా, లాక్ అయినవి డిలీట్ చెయ్యొద్దు. అన్నీ వేరే హార్డ్ డిస్క్‌లో వేసి బీరువాలో పెట్టు” అన్నాడు. నాన్నా, ఆ రోజు నువ్వా మాట అనకపోతే నేను ఫార్మాట్ కొట్టించేసేవాణ్ణి.

అక్టోబరులో న్యూజిలాండ్‌కు చెందిన ఎమ్సీసాఫ్ట్ అనే యాంటీవైరస్ సంస్థ, అమెరికాలో ఉండే ప్రోగ్రామర్ మైకేల్ గిలెస్పీ కలిసి ఈ వైరస్‌కు డిక్రిప్టర్, అంటే లాక్ అయిన ఫైళ్ళు తెరిచే ప్రోగ్రామ్, విడుదల చేశారు. 148 రకాలకు పనిచేస్తుంది, ఉచితం. ఐడీ రాన్సమ్‌వేర్ సైట్ తయారుచేసింది కూడా ఆ గిలెస్పీయే. మాలాంటి చిన్న షాపులవాళ్ళ కోసం అంత పని చేసి ఊరికే ఇచ్చిన మనిషికి ఏమిచ్చి రుణం తీర్చుకోను?

అయితే ఒక మెలిక ఉంది. లాక్ అయిన ఫైల్‌తోపాటు, అదే ఫైల్ పాడవని కాపీ ఒకటి కావాలి. రెండూ 150 కేబీ దాటి ఉండాలి. వైరస్ లాక్ చేసేది ప్రతి ఫైల్‌లో మొదటి 150 కేబీ వరకే, ఆ రెంటినీ పోల్చి తాళంచెవి పట్టేస్తారు. వాట్సాప్‌లో పంపిన ఫొటో పనికిరాదు, సైజు తగ్గిపోయి వేరే ఫైల్ అయిపోతుంది. ఒరిజినలే ఉండాలి.

ఒరిజినల్ దొరికింది మా పాత కస్టమర్ ఒకావిడ దగ్గర. కూతురి పెళ్ళికి నేనిచ్చిన పెన్‌డ్రైవ్‌ను పసుపు రాసిన శుభలేఖ కవర్లోనే పెట్టి, పట్టుచీరల మధ్య దాచారు. అడగ్గానే తీసి చేతిలో పెట్టారు. అమ్మా, మీ జాగ్రత్త ఎన్ని ఇళ్ళ ఫొటోలు నిలబెట్టిందో!

ఆ జతతో కేనన్‌లో తీసినవి తెరుచుకున్నాయి గానీ నికాన్‌వి కదల్లేదు. ఫైల్ మొదట్లో ఉండే ఐదు బైట్లు కెమెరాను బట్టి మారిపోతాయట, దేని జత దానికే కావాలి. ఇంకో కుటుంబం వాళ్ళ పెన్‌డ్రైవ్ ఆదుకుంది. ఫొటోషాప్ డిజైన్ ఫైళ్ళు, అదే పీఎస్‌డీలకు మాత్రం ఆ బాధ లేదు, అన్నిటికీ మొదలు ఒకటే. పక్క స్టూడియో అన్నయ్య మా ఇద్దరి దగ్గరా ఉన్న టెంప్లేట్ ఒకటి తన దాంట్లోంచి కాపీ చేసి ఇస్తే డిజైన్లన్నీ వచ్చేశాయి. రోజూ పోటీపడే మనిషి, షాపు కట్టేసి మరీ వచ్చి కూర్చున్నాడు.

అలా వచ్చినవాటిలో ఒక తాతగారు మనవరాలి మీద అక్షింతలు వేస్తున్న ఫొటో ఉంది. ఆయన వేసవిలో కాలం చేశారు. ఆల్బమ్ ఇంకా ప్రింట్‌కు వెళ్ళలేదు, ఆ ఫొటో ఇంకెక్కడా లేదు. దాన్ని పెద్ద సైజులో ఫ్రేమ్ కట్టించి ఇచ్చొచ్చాను.

ఇదే వైరస్ పడినవాళ్ళుంటే మా స్టూడియోకి రండి, దగ్గరుండి చేసిపెడతాను, డబ్బులు వద్దు. ముందే ఒక మాట: 2019 ఆగస్టు తర్వాత వచ్చిన రకాలకు ఈ జతల పద్ధతి పనిచేయదు. నోటులో ఉన్న ఐడీ చివర ‘టీ1’ అని ఉంటే మాత్రం ఆశ ఉంది, ఆ రకం తాళంచెవి దొరికితే తెరుచుకోవచ్చు. అందాకా ఆ ఫైళ్ళు పారెయ్యకండి, నోటు కూడా దాచండి.