తాలక్వా వెళ్లే ముందు ఒక మాట

అమ్మానాన్నలందరికీ నమస్కారం.

నవంబరు మూడో శనివారం మన తెలుగు బడి పిల్లల్ని తాలక్వా తీసుకెళ్తున్నాం. మన ఓక్లహోమాలోనే ఉన్న ఆ ఊరు అమెరికా మూలవాసుల్లో ఒక తెగ అయిన చెరొకీల రాజధాని, టల్సా నుంచి గంటన్నర కూడా పట్టదు. "తెలుగు బడికి చెరొకీ వాళ్లతో పనేంటండీ" అని ఇద్దరు ముగ్గురు అడిగారు. అందుకే ఈ నెల ఉత్తరమంతా దాని గురించే.

చెరొకీ నటుడు వెస్ స్టూడీ పేరు చెబితే తెలియకపోవచ్చు గానీ ముఖం చూస్తే మీలో చాలామంది గుర్తుపడతారు. 1962లో ఒక సినిమాలో అపాచీ అనే మరో మూలవాసి తెగ వీరుడు జెరోనిమో వేషం నీలికళ్ల తెల్ల నటుడు చక్ కానర్స్‌కి ఇచ్చారు, 1993కి గానీ హాలీవుడ్ అదే పాత్రకి స్టూడీని పిలవలేదు. ఆయన 1947లో ఇక్కడే, తాలక్వా దగ్గర నోఫైర్ హాలోలో పుట్టాడు. ఐదేళ్లొచ్చి బడిలో చేరేదాకా ఆయనకి చెరొకీ తప్ప ఇంకో భాష రాదు.

అది చదవగానే నాకు మన చిన్న క్లాసు పిల్లలే కళ్లముందు మెదిలారు. కిండర్‌గార్టెన్‌లో చేరేదాకా గలగలా తెలుగు మాట్లాడి, క్రిస్మస్ సెలవులకల్లా అమ్మమ్మ ఫోన్ చేస్తే ఇంగ్లీషులో జవాబిచ్చేస్తారు కదా! అయితే తెలుగు మాట్లాడినందుకు మన పిల్లల్ని ఇక్కడ ఎవరూ కొట్టలేదు. ఈ దేశపు మూలవాసుల పిల్లల్ని మాత్రం తరాల తరబడి ప్రభుత్వ బోర్డింగ్ స్కూళ్లలో పెట్టి, సొంత భాష నోట వస్తే శిక్షించారు. స్టూడీ చదివిన చిలాకో కూడా మూలవాసుల కోసం ప్రభుత్వం పెట్టిన బోర్డింగ్ స్కూలే.

అయినా ఆయన భాషని వదల్లేదు. వియత్నాం యుద్ధం నుంచి తిరిగొచ్చాక చెరొకీ నేర్పాడు, చెరొకీ పత్రికలో పనిచేశాడు, పిల్లల పుస్తకాలు రాశాడు, సినిమాలు ఆ తర్వాతే. 2018లో ఆస్కార్ వేదికెక్కి మాజీ సైనికులకి చెరొకీలో కృతజ్ఞతలు చెప్పాడు. ఆ వీడియో పిల్లలతో కూర్చుని చూడండి, నాకైతే కళ్లు చెమర్చాయి. మరుసటి ఏడాది గౌరవ ఆస్కార్ అందుకున్నాడు, అమెరికా మూలవాసి నటుల్లో ఆస్కార్ దక్కడం అదే మొదలు. అదే 2019లో మూడు చెరొకీ తెగల ప్రభుత్వాలు కలిసి తమ భాషకి ఎమర్జెన్సీ ప్రకటించాయి. ధారాళంగా మాట్లాడేవాళ్లు 2,000 మందికి అటూ ఇటూగా మిగిలారు, వాళ్లలో ఎక్కువమంది పెద్దవాళ్లు.

గుణింతాలు రాయలేక విసుక్కునే మన పిల్లలకి చెరొకీ లిపి భలే నచ్చుతుంది. 1821లో సెక్వోయా అనే చెరొకీ ఆయన ఒక్కడే తయారుచేశాడు. 85 అక్షరాలు, గుడులూ కొమ్ములూ ఏమీ లేవు, గ, గి, గొ దేనికది వేరే అక్షరం. తాలక్వా వీధి బోర్డుల మీద అవే కనిపిస్తాయి. 1844లో కట్టిన చెరొకీల పాత సుప్రీంకోర్టు భవనం ఇప్పుడు మ్యూజియం, చెరొకీ పత్రిక ఒకప్పుడు అక్కడే అచ్చయ్యేది.

బస్సు ఉదయం 8 గంటలకి. లంచ్ బాక్స్ ఇచ్చి పంపండి, "ఒసియో" అంటే నమస్కారమని ముందే చెప్పి ఉంచండి. ఇండియా నుంచి అమ్మమ్మలూ తాతయ్యలూ వచ్చి ఉంటే వాళ్లనీ పంపండి, సీట్లు ఉన్నాయి. పిల్లల పక్కనే కూర్చోబెడతాను.