ఆదివారం 4 గంటలకు డాక్యుమెంటరీ ప్రదర్శన

సభ్యులందరికీ నమస్కారం. ఈ ఆదివారం సాయంత్రం 4 గంటలకు, తిరుపతిలో మనం ఎప్పుడూ కలిసే హాల్లోనే, అమెరికా డాక్యుమెంటరీ దర్శకుడు ఫ్రెడరిక్ వైజ్‌మన్ 2015లో తీసిన ‘ఇన్ జాక్సన్ హైట్స్’ ప్రదర్శిస్తున్నాము. న్యూయార్క్‌లోని ఒక పేట నిత్యజీవితాన్ని వ్యాఖ్యానం గానీ, ఇంటర్వ్యూలు గానీ లేకుండా చూపే ఈ చిత్రం నిడివి 190 నిమిషాలు కనుక, దయచేసి సమయానికి రండి; మధ్యలో వచ్చి కూర్చుంటే ఆ పేట మనకు దగ్గర కాదు. ఈ చిత్రానికి శబ్దగ్రహణం, కూర్పు కూడా వైజ్‌మనే చేసుకున్నారు కాబట్టి, మన కెమెరా మిత్రులు వీధి శబ్దాలను ప్రత్యేకంగా గమనించాలని నా కోరిక.

వచ్చేవారు శుక్రవారం లోగా ఇక్కడే పేరు తెలపండి. వచ్చేటప్పుడు మీరూ ఇదే తరహాలో, గోవిందరాజస్వామి ఆలయం చుట్టుపక్కల వీధుల్లో, అక్కడివారి అనుమతితో, ఎవరి పనికీ అడ్డురాకుండా ఐదు నిమిషాలు చిత్రీకరించి తీసుకురండి. హాల్లో ఫోన్లు ఆపి ఉంచాలని మరోసారి గుర్తు చేస్తున్నాను.