చట్టం ఉన్నా మనవరాలికి తెలుగు రాదు

సంపాదకులకు,

కాళోజీ జయంతి నాడు మా జిల్లాలో జరిగిన భాషా దినోత్సవ సభ వార్త మీ పత్రికలో చదివి రోజులు గడిచాయి గానీ కడుపుమంట చల్లారలేదు. అమ్మభాషను కాపాడుకోవాలని మైకులో చెప్పిన పెద్దల పిల్లలు ఏ మీడియంలో చదువుతున్నారో మీ విలేకరి అడిగి ఉంటే బాగుండేది.

మా మనవరాలు హైదరాబాద్‌లో ఒక సీబీఎస్‌ఈ స్కూల్లో ఐదో తరగతి. వీడియో కాల్‌లో నాయనమ్మ "తిన్నవా బిడ్డా, ఏం కూర?" అంటే అంతవరకు అర్థమవుతుంది. పెరట్లో బీరపాదు కాసిన ముచ్చట మొదలుపెట్టిందా, పిల్ల తండ్రి మొహం చూస్తుంది. వాడు ఇంగ్లిష్‌లో చెప్పాలి, పిల్ల జవాబును మళ్లీ తెలుగులో అప్పజెప్పాలి. ఈమధ్య మా ఆవిడ "మీరే మాట్లాడుండ్రి, నాతోని గాదు" అని ఫోన్ నా చేతిలో పెట్టి వంటింట్లోకి పోతోంది. సెలవులకు వచ్చినా ఇద్దరూ పక్కపక్కన కూర్చుని టీవీ చూడటమే. కొడుకూ కోడలూ ఇంట్లో కూడా ఇంగ్లిషే మాట్లాడతారు, వాళ్లనీ వెనకేసుకు రాను. కానీ తెలుగు మాట్లాడితే స్కూలు వాళ్లు డైరీలో రిమార్కు రాసి పంపుతున్నారు మరి.

ఒకటి నుంచి పది దాకా ఏ బోర్డు స్కూలైనా తెలుగు తప్పనిసరి అని తెలంగాణలో 2018లో చట్టం చేశారు కదా! ఈ పిల్ల చదువంతా ఆ చట్టం కిందే సాగింది. తెలుగు పీరియడ్ టైంటేబుల్‌లో ఉంటుంది, పరీక్షలు దగ్గరపడితే లెక్కల సారు లాక్కుంటాడు. తనిఖీకి వచ్చిన అధికారి ఎవరైనా ఒక్క పిల్లను లేపి నాలుగు మాటలు మాట్లాడించాడా? పైగా సీబీఎస్‌ఈ వంటి బోర్డుల్లో తొమ్మిది, పది తరగతులకు మామూలు తెలుగు వాచకం 'సింగిడి' బరువైందని సులభమైన 'వెన్నెల' వాచకం ఇచ్చారు. ఇంటర్‌కు వస్తే మార్కుల కోసం తెలుగుకు బదులు సంస్కృతం ఉండనే ఉంది.

అసలు సర్కారుకే లేని పట్టింపు స్కూళ్లకెందుకుంటుంది? పాలన తెలుగులో సాగాలన్న అధికార భాషా చట్టం 1966 నాటిది. మొన్న ఒక ప్రభుత్వ ఆఫీసు నుంచి నాకొచ్చిన నోటీసు మాత్రం మొదటి నుంచి చివరి దాకా ఇంగ్లిషే. సంతకం చేసిన సారు తెలుగాయనే.

విద్యాశాఖ ఇప్పటిదాకా ఎన్ని స్కూళ్లను తనిఖీ చేసిందో, ఎన్నింటికి జరిమానా వేసిందో పేర్లతో సహా ప్రకటించాలి. తెలుగులో.

– ఒక రిటైర్డ్ గుమాస్తా, హనుమకొండ