పోరంకి ఫ్లాట్, యాభై లక్షల లోను

గుంటూరు, బ్రాడీపేట
ఆదివారం రాత్రి

ఒరేయ్ బావా,

పోరంకిలో ఫ్లాట్ చూశారని, చెల్లికి వంటగది బాగా నచ్చిందని నువ్వు ఫోన్లో చెప్పగానే భలే సంతోషమేసింది రా. సత్యనారాయణపురంలో ఆ మేడమీద వాటాలో ఎన్నాళ్లని ఉంటారు? అత్తయ్యకు చూస్తే మోకాళ్ల నొప్పులు, ఎక్కి దిగాలంటే ఆ ఇరుకు మెట్లు. ఇల్లు కొనాల్సిందే. ఈ మాట ముందే చెప్పేస్తున్నా, కింద రాసింది చదివి నేను వద్దంటున్నానని అనుకుంటావేమోనని.

కానీ చివర్లో ఒక మాటన్నావు చూడు, అది నన్ను వదల్లేదు. "ఇరవై ఏళ్లకైతే ఈఎంఐ నలభై మూడు వేలు, ముప్పై ఏళ్లకైతే ముప్పై ఎనిమిదే. ఐదు వేలు తగ్గుతుంది కదా, ముప్పై ఏళ్లదే తీసుకుంటా" అన్నావు. అంకెలు ఫోన్లో చెబితే నిలవవు. అందుకే కూర్చుని రాస్తున్నా. కాస్త ఓపిగ్గా చదువు, చెల్లికి కూడా చూపించు.

నువ్వు చెప్పిందే లెక్క వేశాను: 50 లక్షలు, 8.5 శాతం. 20 ఏళ్లకు ఈఎంఐ 43,391 రూపాయలు. మొత్తం కట్టేది 1 కోటి 4 లక్షలు, అందులో వడ్డీ 54 లక్షలు. 30 ఏళ్లకు ఈఎంఐ 38,446. మొత్తం 1 కోటి 38 లక్షలు, వడ్డీ 88 లక్షలు. నెలకు నువ్వు తగ్గించుకుందామనుకున్న ఆ ఐదు వేలకు ధర 34 లక్షలు బావా. అదే 15 ఏళ్లకు పెడితే ఈఎంఐ 49,237 అవుతుంది, వడ్డీ మాత్రం 38 లక్షల 60 వేలతో ఆగిపోతుంది.

బ్యాంకులో కూర్చున్నప్పుడు ఈ మొత్తం ఎవరూ మన ముందు పెట్టరు. నెలకెంత, జీతంలో ఎంత పోతుంది, అంతవరకే మాట. అడిగితే చెప్తారు, కాదనను. కానీ మనమే అడగం.

ఇది చక్రవడ్డీ మాయ అనుకుంటావేమో, కాదు. ఈఎంఐ సరిగ్గా కడుతున్నంత కాలం వడ్డీ మీద వడ్డీ పడదు. మిగిలిన అసలు మీద ఆ నెల వడ్డీ, అంతే. మన ఊరి లెక్కలో చెప్పాలంటే 8.5 శాతమంటే నూటికి నెలకు 71 పైసలు. రూపాయి వడ్డీ కంటే తక్కువే. దెబ్బ కొట్టేది ధర కాదు, కాలం. మావయ్య రూపాయి వడ్డీకి నోటు రాసి తెచ్చినా, మిరపకాయలు యార్డుకెళ్లి డబ్బు చేతికి రాగానే ముందు ఆ నోటే తీర్చేసేవాడు కదా. పంట దెబ్బతింటే మరో ఏడాది. ఆ అప్పు వయసు రెండేళ్లు దాటేది కాదు, అయినా అది తీరేదాకా ఇంట్లో ఎవరికీ నిద్ర పట్టేది కాదు. మనం మాత్రం 71 పైసల అప్పును ముప్పై ఏళ్లు పక్కలో పెట్టుకుని పడుకుంటున్నాం.

లోపల ఏం జరుగుతుందో చూడు. 50 లక్షల మీద మొదటి నెల వడ్డీ 35,417. నువ్వు 20 ఏళ్ల లోను తీసుకుని 43,391 కడితే అసల్లో తగ్గేది 7,974. అదే 30 ఏళ్ల లోనైతే 38,446 కట్టినా అసల్లో తగ్గేది 3,029 రూపాయలే! నీకు అద్దె పదహారు వేలు. "అద్దె కట్టడం దండగ, అదేదో ఈఎంఐ కడితే ఇల్లన్నా మిగులుతుంది" అని అందరూ అంటారు, నువ్వూ అన్నావు. కానీ మొదట్లో వడ్డీ కిందే నెలకు ముప్పై ఐదు వేలు పోతుంటే, అది అద్దెకు రెండింతల పైన అద్దె లాంటిదే. అందుకే అంటున్నా, సొంతిల్లు కావాలని కొనుక్కో, అత్తయ్య కోసం కొనుక్కో. అద్దె మిగులుతుందని మాత్రం కొనకు.

ఇంకొంచెం ముందుకెళ్దాం. 20 ఏళ్ల లోనులో ఐదేళ్లు కట్టాక నీ జేబులోంచి 26 లక్షలు పోయుంటాయి. ఇంకా ఉండే బాకీ 44 లక్షలు. అసలు సగానికి తగ్గేది పద్నాలుగో ఏడు చివర్లో. 30 ఏళ్ల లోనైతే పదేళ్లు కట్టాక కూడా, అంటే 46 లక్షలు పోశాక కూడా, బాకీ 44 లక్షల పైనే ఉంటుంది. పదేళ్లకు బాబు ఇంజనీరింగ్‌కు వచ్చేస్తాడు. వాడి ఫీజుకు ఫ్లాట్ అమ్ముదామన్నా చేతికి వచ్చేది తక్కువే. నీకిప్పుడు ముప్పై తొమ్మిది. అరవై తొమ్మిదేళ్ల వరకు ప్రైవేటు ఉద్యోగంలో జీతం వస్తుందని ఏ ధైర్యంతో సంతకం పెడతావు?

అన్నట్టు, రూపాయి విలువ పడిపోతుంది కాబట్టి ఇరవై ఏళ్ల తర్వాత ఈ ముప్పై ఎనిమిది వేలు ఒక లెక్కా అని మీ ఆఫీసులో ఎవరో అన్నారన్నావు. అందులో నిజముంది. అప్పటి లక్ష ఇప్పటి లక్షంత బరువుండదు. జీతాలు పెరుగుతున్నవాడికి పొడుగు లోను నిజంగానే తేలికవుతుంది. కానీ జీతం ఎప్పుడు ఆగుతుందో ఆ లెక్కలో ఉండదు, అదే నా భయం.

ఇక రేటు సంగతి. ఇది ఫ్లోటింగ్ కదా, అంటే రేటు మధ్యలో పెరగొచ్చు, తగ్గొచ్చు. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్ ఇంటి లోన్లను బయటి ప్రామాణిక రేటుకు కట్టాలని రిజర్వ్ బ్యాంకు చెప్పింది. చాలా బ్యాంకులు రెపో రేటునే, అంటే రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటునే ఎంచుకున్నాయి. ఆ రెపో 2020 మే నుంచి రెండేళ్ల పాటు 4 శాతం దగ్గరుంది. 2022 మే నుంచి పెంచుకుంటూ పోయి 2023 ఫిబ్రవరికి 6.5 చేశారు. 2025లో మళ్లీ తగ్గిస్తూ వచ్చారు. ఇరవై ఏళ్లలో ఇలాంటి ఎగుడుదిగుళ్లు ఎన్ని వస్తాయో ఎవరూ చెప్పలేరు.

2021లో 6.75 శాతానికి 50 లక్షలు 20 ఏళ్లకు తీసుకున్నవాళ్ల ఈఎంఐ 38,018. ఏడాది గడిచేసరికి బాకీ 48 లక్షల 78 వేలు. రేటు 9.25కు చేరితే ఆ బాకీ మీద నెల వడ్డీయే 37,600 దాకా అవుతుంది. ఈఎంఐ మార్చకుండా వదిలేస్తే అసల్లోకి పోయేది నాలుగు వందల చిల్లర, లోను ఇంకో 49 ఏళ్ల దాకా నడుస్తుంది! రేటు పెరిగినప్పుడు చాలా చోట్ల ఈఎంఐని కదపకుండా గడువు పొడిగించేసేవాళ్లు, కట్టేవాడికి తెలిసేదే కాదు. అందుకే 2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంకు గట్టిగా చెప్పింది: రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంచెం కొంచెమా అని అప్పు తీసుకున్నవాడినే అడగాలి. ఈఎంఐ ఆ నెల వడ్డీకి కూడా చాలని పరిస్థితి రానీయకూడదు. కాబట్టి బ్యాంకు నుంచి వచ్చే మెసేజీలు చూడకుండా తుడిచేయకు. ఏడాదికోసారి స్టేట్‌మెంట్ తీయించి ఇంకా ఎన్ని నెలలు మిగిలాయో చూడు. రేటు తగ్గినప్పుడు మాత్రం ఈఎంఐ తగ్గించమని అడగొద్దు, అంతే కడుతూ ఉండు.

ఇప్పుడు నీ చేతిలో ఉన్నది చెప్తా, ఈ ఉత్తరం రాసిందే దీనికోసం. ఫ్లోటింగ్ ఇంటి లోను ముందుగా తీరిస్తే వ్యక్తుల దగ్గర బ్యాంకులు జరిమానా వసూలు చేయకూడదని 2012లోనే నియమం వచ్చింది. ఇది మనవాళ్లలో సగం మందికి తెలియదు. మొదటి ఏడాది చివర ఒక లక్ష అదనంగా కడితే, 20 ఏళ్ల లోనులో చివరి ఈఎంఐలు పదకొండు పోతాయి. ఆ లక్షే పదిహేనో ఏడు చివర కడితే మూడున్నర ఈఎంఐలు పోతాయి, అంతే. అందుకే బోనస్ వచ్చినా, చిట్టీ పాట వచ్చినా, పొలం కౌలు డబ్బులు వచ్చినా, మొదటి ఏడెనిమిదేళ్లలో పడేయాలి. ఏటా ఒక్క ఈఎంఐ అదనంగా కట్టు, ఇరవై ఏళ్లది పదహారున్నర దాటగానే ముగుస్తుంది, వడ్డీలో పది లక్షలు మిగులుతుంది. జీతం పెరిగినప్పుడల్లా ఈఎంఐని ఏటా 5 శాతం పెంచుకుంటూ పోతే పన్నెండేళ్ల చిల్లరలో అయిపోతుంది, వడ్డీ పంతొమ్మిది లక్షలు తగ్గుతుంది. కట్టిన ప్రతిసారీ "ఈఎంఐ కాదు, గడువు తగ్గించండి" అని రాసిచ్చి, ఆ కాగితం మీద స్టాంపు వేయించుకో. నోటిమాటగా చెబితే సరిపోదు.

అయితే చేతిలో ఉన్నదంతా తీసుకెళ్లి లోనులో పోయకు. ఆరు నెలల ఈఎంఐ, ఇంటి ఖర్చు ఎఫ్‌డీలో ఉండాలి. ఓవర్‌డ్రాఫ్ట్ రకం ఇంటి లోన్లు కొన్ని బ్యాంకుల్లో ఉన్నాయి. అందులో డబ్బు పెట్టినన్నాళ్లు వడ్డీ తగ్గుతుంది, కావాలంటే వెనక్కి తీసుకోవచ్చు. రేటు కాస్త ఎక్కువే ఉండొచ్చు, అడిగి చూడు.

లోను బయట అయ్యే ఖర్చుల గురించి నువ్వు అసలు మాట్లాడలేదు, అది టెన్షన్‌గా ఉంది నాకు. ఫ్లాట్ 65 లక్షలన్నావు. మన రాష్ట్రంలో స్టాంపు డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి ఏడున్నర శాతం, అంటే 4 లక్షల 87 వేల 500. ఇంకా కడుతున్న బిల్డింగ్ కాబట్టి 5 శాతం జీఎస్టీ, 3 లక్షల 25 వేలు. కట్టడం పూర్తయి, ఇక ఉండొచ్చని ఇచ్చే ఆక్యుపెన్సీ సర్టిఫికెట్ వచ్చిన ఫ్లాట్ కొంటే ఈ జీఎస్టీ ఉండదు. పక్క వీధిలో రెడీగా ఉన్నది రెండు లక్షలు ఎక్కువ చెప్పినా అదే చవక కావచ్చు, చూడు. స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఖర్చులకు మామూలుగా బ్యాంకు లోను ఇవ్వదు, చేతి డబ్బే పెట్టాలి. కప్‌బోర్డులు, ఫాల్స్ సీలింగ్ కోసం ఊళ్లో రెండు రూపాయల వడ్డీకి తెస్తానన్నావు. వద్దు బావా, అది ఏడాదికి 24 శాతం. అల్మారాలు వచ్చే ఏడాది చేయించుకోవచ్చు. బిల్డింగ్ పూర్తయ్యేదాకా ప్రీ ఈఎంఐ అని వడ్డీ ఒక్కటే కట్టమంటారు, అందులో అసలు పైసా తగ్గదు. పైగా అద్దె కూడా కడుతుంటావు. ఆ కాలం నీ లెక్కలో వేసుకో.

ఇన్సూరెన్స్ సంగతి కూడా. లోనుతో పాటు ఒకేసారి కట్టే పాలసీ అంటగట్టి, ఆ ప్రీమియం లోనులోనే కలిపేస్తామంటారు. లక్షన్నర ప్రీమియం కలిపితే ఇరవై ఏళ్లలో 3 లక్షల 12 వేలు కడతావు. వాళ్ల దగ్గరే తీసుకోవాలనే నిబంధన ఏదీ లేదు. నీ అంతట నువ్వు ఒక టర్మ్ పాలసీ తీసుకో, మనిషికి ఏదైనా అయితేనే ఇంటివాళ్లకు డబ్బు వచ్చే రకం. అది మాత్రం తప్పకుండా తీసుకో, చెల్లి మీద ఈ బరువు పడకూడదు. పన్ను మినహాయింపు అన్నావు, నువ్వు కొత్త పన్ను విధానంలోకి మారావు కదా, మనం ఉండే ఇంటి వడ్డీకి అందులో ఏమీ రాదు.

సంతకం పెట్టేముందు కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ అని ఒక కాగితం ఇవ్వాలి, 2024 అక్టోబరు నుంచి అది తప్పనిసరి. ఫీజులన్నీ కలుపుకుని అసలు రేటు ఏడాదికి ఎంత పడుతుందో, మొత్తం ఎంత కట్టాలో అందులో ఉంటుంది. రెండు బ్యాంకులవి పక్కపక్కన పెట్టి చూద్దాం. నీ సిబిల్ స్కోరు, అంటే పాత అప్పులు ఎలా కట్టావో చూసి ఇచ్చే మార్కు, బాగుందన్నావు కాబట్టి 8.5 దగ్గర ఆగిపోకు, బేరమాడు. పావు శాతం తగ్గినా ఇరవై ఏళ్లలో రెండు లక్షల దాకా తేడా వస్తుంది.

ఇంకొకటి, తొందరపడి అడ్వాన్సు ఇవ్వొద్దు. ప్రాజెక్టు రిజిస్ట్రేషన్‌కు ఇచ్చే రెరా నంబరు, ఆస్తి మీద అప్పులూ తాకట్లూ ఉన్నాయేమో చూపే ఈసీ నాకు వాట్సాప్‌లో పంపు, మా వీధిలో లాయరు గారికి చూపిస్తా. వచ్చే ఆదివారం పొద్దున్నే బస్సెక్కి వస్తా. ఇద్దరం పోరంకి వెళ్లి ఆ ఫ్లాట్, దాని పక్కన రెడీగా ఉన్నవి కూడా చూద్దాం. జీతం స్లిప్పులు, చిట్టీ పాస్‌బుక్కు, ఎఫ్‌డీ కాగితాలు బయటకు తీసిపెట్టు. 20 ఏళ్లకు పెట్టాలా, 15 పెట్టగలమా అన్నది అవి చూశాకే తేల్చుకుందాం.

అత్తయ్యను అడిగానని చెప్పు.

ఉంటా మరి,
నీ బావ