మా బిడ్‌ను ఎందుకు పక్కన పెట్టారో చెప్పండి: మంత్రి గారికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన మంత్రి గారికి నమస్కారాలు.

ఇది నేను రాస్తున్న నాలుగో ఉత్తరం. మొదటి మూడూ మీ ఆఫీసుకు అందినట్టు ముద్ర వేసిన రసీదులు నా దగ్గర ఉన్నాయి. ఒక్కదానికీ జవాబు రాలేదు. అందుకే ఈసారి అందరూ చదివేలా రాస్తున్నాను.

ఆసుపత్రి మంచాల టెండర్ సంగతి మీకు తెలిసిందే. దానికి మా చిన్న వర్క్‌షాపు తరఫున మేమూ బిడ్ వేశాం. 212 పేజీలు, ప్రతి పేజీకీ సంతకం, ముద్ర ఉండాలి. గడువుకు ముందు రాత్రి నా భార్య పేజీ నంబర్లు చదువుతుంటే నేను టిక్కులు పెట్టుకుంటూ తెల్లవారుజాము దాకా స్కాన్ చేశాం. బిడ్‌తో పాటు కట్టాల్సిన ధరావతు కోసం అప్పు తెచ్చాం. చివరికి పోర్టల్‌లో కనిపించింది ఒక్క ముక్క: టెక్నికల్‌గా అనర్హులు.

ఏ నిబంధన తప్పాం? ఏ పత్రం లేదు? ఎక్కడా రాయలేదు. ఎన్నోసార్లు ఫోన్ చేస్తే, చివరికి ఒక ఉద్యోగి జాలిపడి, "ఏదో పేజీలో సంతకం లేదటండీ" అన్నారు. ఏ పేజీ అంటే, "అది చెప్పే అధికారం నాకు లేదండీ" అన్నారు. మా కాపీ తీసి ఒక్కో పేజీ తిప్పి చూశాం. సంతకం లేనిది ఒక్కటే కనిపించింది: 143వ పేజీ. పాత ఆర్డర్ పూర్తి చేసినట్టు ఇచ్చిన సర్టిఫికెట్ వెనక వైపు. దాని మీద ఒక్క అక్షరం లేదు, ఖాళీ కాగితం. అసలు కారణం అదేనా అన్నది కూడా ఇంతవరకూ ఎవరూ చెప్పలేదు.

గెలిచిన ధరను పోర్టల్‌లో పెట్టారు. మాది అంతకన్నా తక్కువ. ఆ సంగతి మీ శాఖలో ఎవరికీ తెలియదు, ఎందుకంటే టెక్నికల్‌గా అనర్హులని, మా ధర రాసిన భాగాన్ని, అంటే ధరల బిడ్‌ను, తెరవనే లేదు. ఇది తలుచుకుంటే నాకు నిద్ర పట్టడం లేదు సార్. నష్టం మా ఒక్కరిదే అయితే ఊరుకునేవాణ్ణేమో.

ఐక్యరాజ్యసమితి వాణిజ్య న్యాయ కమిషన్ ప్రభుత్వ కొనుగోళ్లపై 2011లో ఇచ్చిన నమూనా చట్టం మీ అధికారులు చదివే ఉంటారు. బిడ్‌లో అనుమానం ఉంటే వివరణ అడగవచ్చని, షరతుల సారాన్ని మార్చని చిన్న లోపాలున్నా బిడ్‌ను అంగీకరించవచ్చని అందులోని 43వ అధికరణం చెబుతోంది. వివరణ పేరుతో ధర మార్చుకోనివ్వకూడదు, అది న్యాయమే. గెలిచినవారెవరో మిగతా బిడ్డర్లకు ముందు తెలియజేసి, కొన్నాళ్లు ఆగాకే ఒప్పందం చేసుకోవాలని 22వ అధికరణం అంటోంది. ఆ కొన్నాళ్ల గడువే మాకు దక్కలేదు. నా మొదటి ఉత్తరం మీకు అందేసరికే సంతకాలు అయిపోయాయి. ఆ తర్వాత ఎవరికి చెప్పుకున్నా, "ఇంకేం చేయగలమండీ" అన్నవాళ్లే.

టెండర్ మాకే ఇవ్వమని అడగడం లేదు. మా బిడ్ ఎందుకు పోయిందో, నిబంధన నంబరుతో, పేజీ నంబరుతో కాగితం మీద రాసివ్వండి. మా ఒక్కరికే కాదు, ఓడిన ప్రతి బిడ్డర్‌కూ ఇవ్వండి. అదీ ఒప్పందం మీద సంతకం పెట్టకముందే ఇవ్వండి. చిన్న లోపం కనిపిస్తే ఒక్క మెయిల్ పంపి అడగండి, ఒక రోజులో సరిచేసి పంపుతాం.

మా ధరావతు కూడా ఇంకా తిరిగి రాలేదు. ఆసుపత్రి బీరువాలకు త్వరలో మరో టెండర్ వస్తుందంటున్నారు. ఆ డబ్బు చేతికొస్తేనే మేం అందులో బిడ్ వేయగలం. దయచేసి ఈ ఉత్తరానికైనా జవాబివ్వండి.

ఇట్లు,
ఒక చిన్న బిడ్డర్